'వర్డ్స్ మార్చి ఇవ్వండి' అంటే ఏం చేయమని? పర్యాయపదాలు వేసి చేతులు కాల్చుకున్నాను

తణుకు డీటీపీ:

అందరికీ నమస్కారం. నాకు తణుకులో చిన్న డీటీపీ షాపు ఉంది. రెండు కంప్యూటర్లు, ఒక జిరాక్స్ మిషను. పెళ్లిళ్ల సీజన్లో శుభలేఖలు, మిగతా రోజుల్లో అఫిడవిట్లు, కరపత్రాలు. టైపింగ్ వరకు నాకు బెంగ లేదు. ఈ మధ్య టైపింగుతో పాటు "కొంచెం మీరే రాసి పెట్టండి మేడం" అనే పనులు కూడా వస్తున్నాయి. అలాంటి ఒక పనిలో ఇరుక్కున్నాను.

విత్తనాలు, పురుగుమందులు అమ్మే ఒక కంపెనీ మార్కెటింగ్ ఆయన వరి సాగు మీద 8 పేజీల పుస్తకం ఫైలు వాట్సాప్‌లో పంపారు. కింద మెసేజ్ ఉన్నదున్నట్టు ఇస్తున్నాను: "మేడం మ్యాటర్ ఇదే. వర్డ్స్ మార్చి ఇవ్వండి. సేమ్ ఉండకూడదు. అర్జెంట్." పేజీకి 150 చొప్పున మాట్లాడుకున్నాం. 500 అడ్వాన్సు వేశారు.

వర్డ్స్ మార్చమన్నారు కదా, మార్చాను. ఆన్‌లైన్ నిఘంటువు ఒక పక్క తెరుచుకుని, ఒక్కో మాటకీ ఇంకో మాట వెతికి పెట్టాను. రెండు రాత్రులు పట్టింది. నేను పుట్టి పెరిగింది గాజువాకలో, నాన్నది ఫ్యాక్టరీ ఉద్యోగం. పెళ్లయి తణుకు వచ్చాక రోజూ వరిచేల మధ్య నుంచే షాపుకి వెళ్తున్నా, వరి గురించి నాకు తెలిసింది అన్నం వండటం వరకే. ఈ సంగతి మనసులో పెట్టుకుని మిగతాది చదవండి.

పంపే ముందు ఒకసారి చూడమని ప్రింటు తీసి మామగారికి ఇచ్చాను. ఆయన ముప్పై ఏళ్లకు పైగా వ్యవసాయం చేశారు. కళ్లజోడు పెట్టుకుని మొదటి పేజీ చదువుతూ ఆగారు. "సాహసం చేసి పొలాన్ని చదును చేయాలా? ఏం సాహసం అమ్మా?" అన్నారు. అసలులో 'దమ్ము చేసి' అని ఉంది. నిఘంటువులో దమ్ముకి ఊపిరి, ధైర్యం అని కనిపిస్తే నేను ఇంకాస్త బాగుంటుందని సాహసం వేశాను. నాట్ల ముందు పొలంలో నీళ్లు పెట్టి బురదగా దున్నడాన్ని దమ్ము చేయడం అంటారని ఆ రాత్రే తెలిసింది.

తర్వాత 'సుడి మశకం'. అసలులో 'సుడిదోమ' అని ఉంది, వరికి పట్టే ఒక పురుగు. దోమకి మశకం కరెక్టే కదా అని నా ధీమా. "వరికి మలేరియా వస్తుందా?" అని నవ్వడం మొదలుపెట్టారు. 'పొట్ట దశ'ని 'ఉదర దశ' చేశాను. 'కలుపు తీయాలి'ని 'మిశ్రమం తీయాలి' చేశాను. 'అగ్గితెగులు' కాస్తా 'నిప్పు రోగం' అయింది. అత్తయ్య వంటింట్లోంచి వచ్చి ఏమైందని అడిగేదాకా ఆయన నవ్వుతూనే ఉన్నారు.

ఇంకోటి సిగ్గు విడిచి చెప్తున్నా. టైం లేక కొన్ని మాటలకి 'రీప్లేస్ ఆల్' కొట్టాను. 'పాలు' తీసి 'క్షీరం' పెట్టమన్నాను. 'గింజ పాలు పోసుకునే దశ' బాగానే 'క్షీరం పోసుకునే దశ' అయింది. కానీ ఐదో పేజీలో 'పోషక లోపాలు' అని హెడ్డింగు ఉంది. అది 'పోషక లోక్షీరం' అయి కూర్చుంది. పెద్ద అక్షరాల్లో, ఆకుపచ్చ రంగులో.

ఇవన్నీ సరిచేసి, కొంచెం 'మంచి' మాటలే ఉంచి పంపాను. కంపెనీ ఆయన 11 సెకన్ల వాయిస్ మెసేజ్ పెట్టారు: "ఇదేంటి మేడం, ఇలా వద్దు, వర్డ్స్ మార్చమన్నాను కదా." మార్చాను కదండీ అన్నాను. "ఇలా కాదు." మరి ఎలా మార్చాలండీ అంటే "మామూలుగా" అన్నారు. అంతే. అప్పటినుంచి బ్లూటిక్కు పడుతోంది, జవాబు లేదు.

నా టెన్షన్ మిగతా 700 గురించే కాదు. అసలు మాట మార్చి రాయడం అంటే ఏంటి? పర్యాయపదం వేస్తే తప్పెందుకు అవుతోంది? ఇంకెవరిదో పుస్తకాన్ని నా చేత మార్పించి వాళ్లది అని వేసుకుంటారేమో అనే అనుమానం కూడా ఉంది. ఇలాంటి పనులు చేసేవాళ్లు ఎవరైనా ఉంటే చెప్పండి. నవ్వుకుంటే నవ్వుకోండి, మా ఇంట్లో ఆల్రెడీ అయిపోయింది.

బడి పంతులమ్మ:

నవ్వాను, క్షమించండి. కానీ తప్పు మీది కాదు, మాది. పదో తరగతి తెలుగు పరీక్షలో పర్యాయపదాలు, నానార్థాలు, వ్యుత్పత్త్యర్థాలు, ప్రకృతి వికృతులు అని వరసగా బట్టీ పట్టిస్తాం. స్త్రీ అంటే వనిత, పడతి, ఇంతి, మగువ. రాస్తే మార్కు. ఏది ఎక్కడ వాడాలో అడిగే ప్రశ్న దాదాపు ఉండదు. అందుకే పిల్లలకి ఇవన్నీ ఒకే సైజు చెప్పుల్లా కనిపిస్తాయి. ఒక అబ్బాయి ప్రయాణం మీద వ్యాసం రాస్తూ "రావులపాలెంలో మా బస్సులోకి ఇద్దరు ఇంతులు ఎక్కారు" అని రాశాడు. వాడికి మార్కు ఎలా తీయను? ఇంతి అంటే స్త్రీ అని చెప్పింది నేనే.

పాత ప్రూఫురీడర్:

అమ్మా, నేను విజయవాడలో ఒక పత్రికలో 31 ఏళ్లు ప్రూఫులు దిద్దాను. మీ 'పోషక లోక్షీరం' లాంటివి వందలు చూశాను కాబట్టి బాధపడకండి. కొంచెం పెద్దగా రాస్తాను, ఓపిక ఉంటే చదవండి.

ముందు పర్యాయపదాల జాబితాలు అసలెందుకు పుట్టాయో చూడండి. సంస్కృతంలో అమరకోశం, తెలుగులో పైడిపాటి లక్ష్మణకవి ఆంధ్రనామసంగ్రహం, దానికి తరువాయిగా అడిదం సూరకవి ఆంధ్రనామశేషం. ఇవన్నీ పద్యాల్లోనే ఉంటాయి, బట్టీ పట్టడానికి వీలుగా. ముఖ్యంగా పనికొచ్చేది పద్యం రాసేవాడికి. వాడికి గణం కుదరాలి, యతి కుదరాలి, ప్రాస కుదరాలి. సూర్యుడు అంటే భగణం, రవి అంటే రెండు లఘువులు. సూర్యుడు పట్టని చోట రవి పడతాడు. అందుకని ఒక్కో దేవుడికి యాభై పేర్లు దగ్గర పెట్టుకున్నారు. వరి పుస్తకానికి గణాలతో పనేముంది? పద్యం కోసం కుట్టిన సంచీలోంచి మీరు వచనానికి సరుకు తీశారు. అంతే జరిగింది.

రెండో సంగతి. తెలుగులో ఒకే వస్తువుకి నాలుగు మాటలున్నా ఒక్కోదానికి ఒక్కో పీట ఉంటుంది. మంచినీళ్లు తాగుతాం, నీటి తీరువా కడతాం, జలాశయం నిండుతుంది, గుళ్లో పాదోదకం పుచ్చుకుంటాం. ఒకదాని పీట మీద ఇంకోటి కూర్చోదు. ఇక నుడికారం దగ్గరికొస్తే అసలు కదపలేం. వాడు నీళ్లు నమిలాడు అంటాం. జలం నమిలాడు అంటే వాడేం చేశాడో దేవుడికే తెలియాలి.

మా పత్రికలో జరిగింది చెప్తాను. కొత్తగా చేరిన కుర్రాడికి ఎవరో సీనియరు పాఠం చెప్పాడు, ఒక వార్తలో ఒకే మాట రెండుసార్లు రాకూడదు, పునరుక్తి దోషం అని. వాడు ఒక ఊరి పెద్దాయన పోయిన వార్త రాశాడు. మొదటి వాక్యంలో కన్నుమూశారు, రెండో దాంట్లో మరణించారు, మూడో దాంట్లో తుదిశ్వాస విడిచారు. నాలుగోసారి రాయాల్సి వచ్చేసరికి సరుకైపోయింది. "ఆయన హతులైన సంగతి తెలిసి గ్రామస్థులు తరలివచ్చారు" అని రాశాడు. ఎనభై ఏళ్లు నిండి నిద్రలో పోయిన మనిషి. రాత్రి పన్నెండు దాటాక వచ్చిన పేజీ, నా కళ్లు కూడా దాన్ని దాటేశాయి. పొద్దున్నే ఆయన కొడుకులు ముగ్గురూ ఆఫీసుకొచ్చారు. అరవలేదు. పేపరు టేబుల్ మీద పెట్టి ఆ మాట మీద వేలు పెట్టి నిలబడ్డారు. ఆ వేలు నాకిప్పటికీ గుర్తే.

సాగు పుస్తకాలు, మందుల చీటీలు, వంట విధానాలు, దస్తావేజులు, వీటిలో పునరుక్తి దోషం కాదు. అక్కడ మాట మారితే వస్తువు మారిందనుకుంటాడు చదివేవాడు. మీ పుస్తకంలో ఒక చోట పురుగు, ఇంకో చోట చీడ, మరో చోట తెగులు అని మార్చి మార్చి రాశారా? రాసి ఉంటే ముందు అది సరిచేయండి, మిగతావి తర్వాత.

ఇక ఎలా రాయాలంటారా. మాట పక్కన మాట పెట్టకండి. పేరా చదవండి, కాగితం బోర్లించండి, ఎదురుగా మనిషి ఉన్నట్టు చెప్పండి. నేను మా మిషను సెక్షన్లో పనిచేసే ఆయనకి చెప్పేవాణ్ని, ఆయనకి అర్థం కాకపోతే మొహం చిట్లించేవాడు. మీకు మామగారు ఉన్నారు, ఇంకేం కావాలి? ఒక పేరా ఇక్కడ పెట్టండి, చూద్దాం. అసలుది, మీరు మార్చినది, రెండూ.

తణుకు డీటీపీ:

మాస్టారూ, చాలా థాంక్స్. పురుగు, తెగులు మార్చి మార్చి రాశానండి. మూడుచోట్ల. అదేదో బాగుంటుందనే రాశాను.

పేరా ఇదిగో. అసలుది:

"వరి పొట్ట దశలో ఉన్నప్పుడు పొలంలో 5 సెం.మీ. లోతు నీరు నిల్వ ఉండేలా చూడాలి. ఈ దశలో నీటి ఎద్దడి ఏర్పడితే తాలు గింజలు ఎక్కువవుతాయి."

నేను మొదటిసారి రాసింది:

"వరి ఉదర దశలో ఉన్న సమయంలో క్షేత్రంలో 5 సెం.మీ. అగాధం జలం నిల్వ ఉండేలా వీక్షించాలి. ఈ దశలో జల కరువు సంభవిస్తే పొల్లు విత్తనాలు అధికమవుతాయి."

5 సెంటీమీటర్ల అగాధం. ఇప్పుడు చదువుతుంటే నాకే చెమటలు పడుతున్నాయి.

మీరు చెప్పినట్టు కాగితం బోర్లించి రాత్రి మామగారికి చెప్పాను. పొట్ట దశ అంటే కంకి ఇంకా బయటికి రాకుండా కాడ లోపలే ఉబ్బి ఉండటమట. ఇంట్లో మాటల్లో అయితే "చేను పొట్టకొచ్చింది" అంటారట. తాలు అంటే లోపల బియ్యం లేని ఉత్త గింజలట. ఆయనతో మాట్లాడాక రాసింది ఇది:

"చేను పొట్టకొచ్చాక మడిలో నీళ్లు ఆరనివ్వకండి. రెండంగుళాల నీరు నిలబడి ఉండాలి. అప్పుడు ఎండగడితే కంకిలో తాలు పెరుగుతుంది."

ఇది పర్వాలేదా?

పాత ప్రూఫురీడర్:

పర్వాలేదు కాదు, బాగుంది. మీరు 'పొట్ట', 'తాలు' రెండూ కదపలేదు చూశారా? అవి పేర్లు. వాటి చుట్టూ ఉన్నవన్నీ మార్చినా విషయం చెక్కుచెదరలేదు. ఒక్క మాట అడుగుతాను. 5 సెం.మీ.ని రెండంగుళాలు చేశారు, సరిపోతుంది. కానీ పుస్తకంలో మిగతా చోట్ల సెంటీమీటర్లే ఉంటే ఇక్కడొక్కచోట అంగుళాలు వద్దు.

'గింజలు'ని 'విత్తనాలు' చేయడం మీద కూడా ఒక మాట. తినేది గింజ, నాటేది విత్తనం. వడ్లబస్తాలో రెండూ ఒకేలా కనిపిస్తాయి కానీ విత్తనాల షాపువాడి బిల్లులో కనిపించవు.

పాలేరు పక్కోడు:

నేను ఖమ్మం జిల్లా, పాలేరు రిజర్వాయర్ కింద మూడెకరాల వరి. ఈ పురుగు, తెగులు ముచ్చట మీద నేనూ చెప్తా, ఎందుకంటే ఇక్కడ మాట తప్పితే పైసలు పోతయ్.

తెగులు అంటే ఎక్కువగా బూజు జాతి వల్ల వచ్చేది. అగ్గితెగులు, పొడ తెగులు అట్లాంటివి. పురుగు అంటే పురుగే. కాండం తొలిచేది, ఆకు చుట్టేది. రెంటికీ మందు వేరు. ఆకుచుట్టు పురుగుని మీరు 'ఆకుచుట్టు తెగులు' అని రాశారనుకోండి అక్కా, రైతు కాగితం పట్టుకుని షాపుకి పోయి తెగులు మందు ఇయ్యి అంటాడు. వాడు ఇస్తాడు. కొట్టిన మందు ఆ పురుగుని ఏమీ చేయదు. వారం ఆగి చూసేసరికి ఆకులన్నీ తెల్లచారలు.

ఇంకోటి. 'పిచికారీ చేయాలి' అని ఉన్నచోట 'చల్లాలి' అని ఏమైనా మార్చారా? చూసుకోండి. గుళికలు చల్లుతారు. నీళ్లలో కలిపిన మందు స్ప్రేయర్‌తో పిచికారీ చేస్తారు. మా దగ్గర మాట్లాడేటప్పుడు రెంటికీ 'మందు కొట్టుడే' అంటాం కానీ అది నోటిమాట, ఎదురుగా డబ్బా ఉంటుంది కాబట్టి నడుస్తుంది. కాగితం మీద నడవదు.

సుడిదోమ పేరు కూడా ఊరికే రాలేదు. అది పడితే చేను అక్కడక్కడ సుడులు సుడులుగా ఎండుతుంది, పైనుంచి చూస్తే గుండ్రటి మచ్చలు. అందుకనే నాటేటప్పుడు ప్రతి 2 మీటర్లకి 20 సెంటీమీటర్ల కాలిబాట వదలమంటారు, గాలి, వెలుతురు తగలాలని. 'సుడి మశకం' అని చదివినోడికి ఇదంతా ఎట్లా గుర్తొస్తది?

మీ పుస్తకం సంగతి కాదు గానీ, మొన్న మా ఊళ్లో ఒక కంపెనీ పంచిన కాగితంలో 'సార్వా', 'దాళ్వా' అని రాసి ఉంది. మా వాళ్లు నలుగురు చదివారు, నలుగురికీ తెలియలేదు. మాకు వానాకాలం, యాసంగి. చింతకాయ పచ్చడి మీద కూర్చుని కాగితం చదివిన మా చిన్నాయన "దాళ్వా అంటే కొత్త రకం విత్తనమా?" అన్నాడు. కూర్చున్నది పచ్చడి మీద కాదులెండి, పచ్చడి జాడీ ఉన్న గట్టు మీద. తొందర్లో రాస్తే నా మాటలూ ఇట్లనే పోతయ్.

అనువాదాల బండి:

నేను బెంగళూరులో ఉండి తెలుగు, కన్నడ అనువాదాలు చేస్తాను. మీ మూడో అనుమానం గురించి. వేరేవాళ్ల పుస్తకాన్ని మాటలు మార్చి వేసుకుంటే మాటలు మారినందువల్ల అది సొంతం కాదు. మన కాపీరైట్ చట్టం 1957 నాటిది. 'వరికి పొట్ట దశలో నీళ్లుండాలి' అనే విషయం ఎవరి సొత్తూ కాదు. కానీ దాన్ని ఒకరు చెప్పిన తీరు, అమర్చిన వరస వాళ్లది. ప్రతి వాక్యంలో నాలుగు మాటలు మార్చి, వరస, ఉదాహరణలు అన్నీ అలాగే ఉంచితే కాపీ కాదని ఎవరూ ఒప్పుకోరు. కాబట్టి మ్యాటర్ ఎవరిదని అడగడంలో తప్పు లేదు. అడగండి.

రెండోది, మీకు ఇచ్చిన సూచన. "వర్డ్స్ మార్చండి" అనేది నా దగ్గరికి నెలకి రెండుసార్లు వస్తుంది. ఒకసారి దాని అర్థం 'తేలిక చేయండి', ఒకసారి 'చిన్నది చేయండి', ఒకసారి 'మా బాసుకి నచ్చేలా బరువుగా చేయండి'. చెప్పేవాళ్లకి మనసులో ఒక బొమ్మ ఉంటుంది, దానికి పేరు తెలియక వర్డ్స్ అంటారు. "ఎలా మార్చాలి?" అని అడిగితే "మామూలుగా" అనే వస్తుంది. నేనైతే అడగను. ఒకే పేరాని రెండు రకాలుగా రాసి పంపి, వీటిలో ఏది కావాలండీ అంటాను. రెండూ కాదన్నా సరే, ఎందుకు కాదో చెప్పడం మొదలుపెడతారు. అక్కడ దొరుకుతారు. పైన మీరు పెట్టిన పొట్టకొచ్చిన పేరా ఒకటి, అసలుకి దగ్గరగా కొంచెం పుస్తకభాషలో ఇంకోటి, ఇవాళే పంపండి. మొత్తం 8 పేజీలు మాత్రం మళ్లీ చేయకండి.

తణుకు డీటీపీ:

అందరికీ అప్‌డేట్. రెండు పేరాలు పంపిన పది నిమిషాల్లో ఆయనే ఫోన్ చేశారు. జరిగింది చెప్తే మీరు నమ్మరు.

ఆ పుస్తకం వాళ్ల కంపెనీదే. పోయినేడు గోదావరి జిల్లాల కోసం వేయించారట. ఇప్పుడు అదే తెలంగాణలో పంచాలి. "మేడం, రెండూ బాగానే ఉన్నాయి కానీ రెండూ ఇటు మాటలే. అటు వర్డ్స్ కావాలి. అక్కడ మన పుస్తకం ఎవరికీ ఎక్కలేదంట. అక్కడా ఇక్కడా సేమ్ ఉండకూడదు అన్నాను కదా" అన్నారు.

సేమ్ ఉండకూడదు అంటే అదీ. నేను ఎవరిదో దొంగసరుకు అనుకుని నాలుగు రోజులు నిద్ర చెడగొట్టుకున్నాను. ఆ ఒక్క ముక్క మెసేజ్‌లో రాసి ఉంటే వరికి మలేరియా వచ్చేది కాదు. పైకి మాత్రం "అయ్యో అలాగా అండీ" అన్నాను. ఇంకో 600 అడిగితే 400కి ఒప్పుకున్నారు.

అంటే చివరికి నిజంగానే మాటకి మాట మార్చే పనే. కాకపోతే నిఘంటువులోంచి కాదు, మనుషుల్లోంచి. నాకు అటు మాటలు ఒక్కటీ రావు. పాలేరు అన్నా, మీరే దిక్కు. సార్వా, దాళ్వా మీరు చెప్పేశారు. మిగతావి: దమ్ము చేయడం, ఆకుమడి, ఊడ్పులు, గట్టు. మూడో పేజీలో "ఎకరాకు 5 సెంట్ల ఆకుమడి చాలు" అని ఉంది. చివరి పేజీలో "ఎకరాకు 30 బస్తాల దిగుబడి" అని ఉంది. మా ఊళ్లో సెంటు అంటే అందరికీ తెలుసు, మీ వైపు?

పాలేరు పక్కోడు:

అక్కా, మాది బార్డర్ కాబట్టి రెండు వైపుల మాటలూ కొంచెం వింటాం. దమ్ము మా జిల్లాలో తెలుసు. కానీ లోపలికి పోతే 'కరిగెట' అంటారు. ఆకుమడిని నారుమడి అంటే అందరికీ అర్థమవుతుంది, కొన్నిచోట్ల 'తుకం' అంటారు, తుకం పోయడం అని. ఊడ్పులకి నాట్లు. గట్టుకి 'ఒడ్డు' లేదా 'ఒరం', ఊరిని బట్టి. నేనైతే పుస్తకంలో నారుమడి, నాట్లు, ఒడ్డు పెడతా. కరిగెట పెట్టి, మొదటిసారి మాత్రం పక్కన దమ్ము కూడా రాస్తా.

సెంట్ల దగ్గర మాత్రం ఆగండి. ఇది మాట ఒక్కటే మార్చేది కాదు. మా దగ్గర గుంటలు. ఎకరానికి 100 సెంట్లు, గుంటలైతే 40. మీరు 5 సెంట్లు తీసి 5 గుంటలు పెట్టారంటే పన్నెండున్నర సెంట్లు అయితది. రెండున్నర రెట్ల నారుమడి. రైతు విత్తనాలు అంతకంత కొంటాడు, కంపెనీకి సంతోషమే అనుకోండి. సరైన లెక్క 2 గుంటలు.

బస్తా ఇంకా మోసం. మీ గోదావరి వైపు వడ్ల బస్తా 75 కిలోలు. మా కొనుగోలు కేంద్రంలో బస్తా 40 కిలోలు. 30 బస్తాలని మా వాళ్లు చదివితే ఎకరాకు 12 క్వింటాళ్లే అనుకుంటారు. ఆ విత్తనం ఎవడు కొంటాడు? మీ లెక్కన అది ఇరవై రెండున్నర క్వింటాళ్లు. క్వింటాళ్లలోనే రాయండి, గొడవ లేదు.

పాత ప్రూఫురీడర్:

ఈ బస్తా సంగతి 31 ఏళ్లలో నాకూ తట్టలేదు. ఎన్ని దిగుబడి వార్తలు దిద్దానో. రెండు వైపుల ఎడిషన్లకీ అదే వాక్యం వెళ్లేది.

తణుకు డీటీపీ:

మామగారికి చదివి వినిపించాను. 'ఒడ్డు' దగ్గర ఆగి, "ఒడ్డు అంటే కాలవది కదా, చేనుకి ఒడ్డేంటి" అన్నారు. 'తుకం' మాత్రం నచ్చింది, రెండుసార్లు పలికి చూసుకున్నారు.

అన్నా, ఇవాళ నాలుగు పేజీలు అయ్యాయి. ఈసారి రీప్లేస్ ఆల్ ముట్టుకోలేదు, ప్రతిదీ చేత్తోనే. ప్రింటుకి ముందు మీ వైపు మనిషి ఒకరు చదివితే బాగుండు. పెద్ద పని అనిపిస్తే వద్దులెండి.

పాలేరు పక్కోడు:

పంపండి. రాత్రి తొమ్మిది దాటాక అయితే ఖాళీ. మా అమ్మకి చదువు రాదు, నేను చదివితే వింటది. ఎక్కడ "ఏందిరా అది?" అంటదో అక్కడ గుర్తు పెట్టి మీకు ఫోటో తీసి పెడతా.

తణుకు డీటీపీ:

సరే అన్నా. మూడో పేజీ ముందు పెడుతున్నా, గుంటలది. అమ్మగారికి నమస్కారం చెప్పండి.